చీర మన్నిక, చేతి మనుగడ

శ్రీకాళహస్తి పేరులోనే ఒక నేతగాడున్నాడు. శ్రీ అంటే సాలెపురుగు, కాళం అంటే పాము, హస్తి అంటే ఏనుగు అని మా ప్రాంతంలో బడికి పోయే పిల్లవాణ్ణి అడిగినా చెబుతాడు. ఈ ముగ్గురు భక్తుల్లో మొదటివాడికి మన భాష పెట్టిన పేరు చూడండి. సాలెపురుగు, సాలీడు! మగ్గం ముందు కూర్చుని బట్ట నేసే సాలెవాడి పేరే ఆ చిన్న ప్రాణికీ ఇచ్చారు మన పెద్దలు. ఊరికే ఇవ్వలేదు. దానికి కావలసిన దారం అదే తీసుకుంటుంది, అదే నేసుకుంటుంది. గూడు పాతబడితే పారవెయ్యదు కూడాను. చాలా జాతుల సాలెపురుగులు పాత గూటిని తామే తినేసి, ఆ సత్తువతోనే మళ్ళీ కొత్త దారం తీస్తాయని జంతుశాస్త్రం చెప్పేవారు అంటారు. చెత్త లేని నేత అంటే అదన్నమాట.

ఇప్పుడు పెద్ద పెద్ద పట్నాల్లో ఇదే సంగతిని 'సస్టెయినబుల్ ఫ్యాషన్' అంటున్నారు. దుస్తులు రూపకల్పన చేసే యువతీయువకులు, అంటే డిజైనర్లు, ఈ మాటను మంత్రంలాగా జపిస్తున్నారు. జపించడానికి కారణం లేకపోలేదు. ఒక్క నూలు టీ షర్టు తయారవడానికి, పత్తి పండించడం దగ్గరనుంచి లెక్కవేస్తే, సుమారు 2,700 లీటర్ల నీళ్ళు ఖర్చవుతాయని అంచనా. ఏటా ప్రపంచమంతటా 9 కోట్ల టన్నులకు పైగా బట్ట చెత్తగా మారుతున్నదని ఐక్యరాజ్యసమితి వారు అంటున్నారు. ఇంత వేగంగా కొని, ఇంత వేగంగా పారవేసే అలవాటు వెనక మనుషులు కూడా ఉన్నారు. 2013 ఏప్రిల్ 24న బంగ్లాదేశ్‌లో రాణా ప్లాజా అనే మేడ కూలి, అందులోని కుట్టుపని కార్మికులు 1,100 మందికి పైగా చనిపోయారు. చవకగా వచ్చే చొక్కాకు అసలు ధర ఎవరు కడుతున్నారో ఆ రోజు లోకానికి తెలిసింది.

ఈ గొడవంతా ఎక్కడో దూరదేశాలదని మనం అనుకోనక్కరలేదు. తిరుపతికి నలభై కిలోమీటర్ల లోపే, స్వర్ణముఖి ఒడ్డున, దీనికి ఒక జవాబు చాలాకాలంగా ఎండలో ఆరుతూ ఉంది.

వ్రాతపని

కలంకారీ అన్నది పారశీకం నుంచి వచ్చిన మాట. కలంతో చేసే పని అని అర్థం. కాని కాళహస్తిలో పాతవాళ్ళు దాన్ని 'వ్రాతపని' అనేవారు. బందరు వైపు దిమ్మెలతో అద్దుతారు గనుక అక్కడ అది 'అద్దకం'. ఇద్దరూ కలంకారీయే అనిపించుకుంటున్నా, ఒకరిది అచ్చు, ఒకరిది వ్రాత. తెలుగు చెప్పుకుని బతికేదాన్ని గనుక నాకు ఈ వ్రాతపని అన్న మాటమీద మక్కువ ఎక్కువ. అందులోనూ కాళహస్తి పాత తెరలను చూశారా? రామాయణమో, భారతమో గళ్ళు గళ్ళుగా బొమ్మలు గీసి, ఒక్కొక్క గడిలో కథ సంగతి తెలుగులో వ్రాసేవారు. గుడిలో తెర వేలాడదీస్తే చదువు వచ్చినవాడు చదివేవాడు, రానివాడు చూసేవాడు. మన ఇలస్ట్రేటెడ్ సీరియల్ నవలకు తాతగారన్నమాట!

ఒకప్పుడు దక్షిణదేశపు రంగుల బట్ట యూరపును ఊపివేసింది. దాని ధాటికి తట్టుకోలేక ఫ్రాన్సు 1686లో నిషేధం పెట్టి 1759 దాకా ఎత్తివేయలేదు. ఇంగ్లండు 1700లోనూ, మళ్ళీ 1721లోనూ చట్టాలు చేసింది. ఈ బట్టకు రంగు వేసే మర్మమేమిటో 1742లో కూర్దూ అనే ఫ్రెంచి క్రైస్తవ గురువు వివరంగా తన దేశానికి ఉత్తరం వ్రాశాడు. సంస్కృతానికీ గ్రీకు లాటిన్ భాషలకూ చుట్టరికం ఉందని తొలిరోజుల్లోనే గుర్తించినవారిలో ఆయన ఒకడు. అంటే భాషల రంగూ, బట్టల రంగూ రెండూ కనిపెట్టినవాడు!

తరవాత కాలం తిరగబడింది. 1856లో పెర్కిన్ అనే ఇంగ్లీషు కుర్రవాడు ప్రయోగశాలలో ఊదారంగు పుట్టించాడు. ఎర్రవేళ్ళలోని అలిజరిన్ అనే పదార్థాన్ని 1868లో జర్మన్లు సీసాలో తయారుచేశారు. 1897 నాటికి కృత్రిమ నీలి కూడా బజారుకు వచ్చింది. చిరివేరు తవ్వేవాడికి, నీలిచెట్టు పెంచేవాడికి, కలం పట్టేవాడికి అందరికీ ఒకేసారి పని పోయింది. స్వాతంత్ర్యం వచ్చేనాటికి కాళహస్తిలో వ్రాతపని దాదాపు ఆరిపోయే దీపం. 1952లో ఏర్పడిన అఖిలభారత హస్తకళల బోర్డుకు నాయకత్వం వహించిన కమలాదేవీ చటోపాధ్యాయ గారి పుణ్యాన, ఆ దశాబ్దం చివరలో కాళహస్తిలో శిక్షణ కేంద్రం తెరిచారు. జొన్నలగడ్డ లక్ష్మయ్య గారి వంటి పాత చేతులు కొత్త చేతులకు విద్య నేర్పాయి. ఆయన కుమారుడు గురప్పశెట్టి గారు కలం పట్టడమే కాక, ఈ విద్యను గురించి వ్రాశారు, నేర్పారు. 2008లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. కాళహస్తి కలంకారీకి 2005-06లోనే భౌగోళిక గుర్తింపు దక్కింది.

ఆ మీదట వచ్చిన మార్పు ఇంకా పెద్దది. గుడి తెరగా ఉన్న వ్రాత చీరమీదికి దిగింది, మగవారి చేతిలోని కలం ఆడవారి చేతికీ వచ్చింది. చిత్తూరులో న్యూట్రిన్ మిఠాయిలు నడిపిన ద్వారకనాథ రెడ్డి గారి కుమార్తె అనితా రెడ్డి గారు (2011 పద్మశ్రీ) కాళహస్తి చుట్టుపక్కల స్త్రీలను కూడగట్టి 'ద్వారక' అనే సంస్థ నెలకొల్పి ఇరవయ్యేళ్ళు దాటింది. ఇంట్లో పని ముగించుకుని, నలుగురూ ఒకచోట చేరి కలం పట్టుకుని కూర్చునే ఆడవారు అక్కడ తయారయ్యారు.

పాలు, కరక్కాయ, పటిక

ఈ బట్ట ఎలా తయారవుతుందో తెలిస్తే ధర విని గుండెలమీద చెయ్యి వేసుకోవడం కొంత తగ్గుతుంది. మా వారికి తగ్గింది గనుక చెబుతున్నాను.

ముందు ముతక నూలుబట్టను బాగా ఉతికి గంజి పోగొడతారు. కరక్కాయ పొడి కలిపిన గేదెపాలలో ముంచి, పిండి, ఎండలో ఆరవేస్తారు. కరక్కాయలో వగరు ఉంది. పాలలో వెన్న ఉంది. వగరు రంగును పట్టుకుంటుంది, వెన్న ఆ రంగును పక్కకు పాకనివ్వదు. పాలు తక్కువైతే గీత అలుక్కుపోతుంది. చింతపుల్లలు కాల్చిన బొగ్గుతో బొమ్మ రూపు గీసుకుంటారు. కలం అంటే మరేమీ లేదు, చివర చెక్కిన వెదురు పుల్లకు ఉన్నిగాని గుడ్డగాని చుట్టి దారంతో బిగించినది. వేళ్ళతో ఆ చుట్టను కొద్దిగా నొక్కితే రంగు దిగుతుంది.

నలుపు కావాలంటే తుప్పుపట్టిన ఇనుపముక్కలను బెల్లం, తాటిబెల్లం కలిపిన నీళ్ళలో రెండు మూడు వారాలు నానబెడతారు. దాన్ని కసిం అంటారు. కుండలో చూస్తే పలచని గోధుమరంగు నీరు. కరక్కాయ పట్టిన బట్టమీద పెట్టేసరికి నల్లగా మారిపోతుంది. మా తాతగారి తరంవారు కరక్కాయ, అన్నభేది కలిపి సిరా కాచుకునేవారే, ఆ కిటుకే ఇది. బెల్లానికి పేరుపడ్డ చిత్తూరు ప్రాంతంలో బెల్లంతో నలుపు పుట్టించడం వింతగా లేదూ?

ఎరుపు ఇంకా చిత్రం. ఎక్కడ ఎరుపు రావాలో అక్కడ పటిక నీళ్ళతో వ్రాస్తారు. అది కంటికి సరిగా కనబడదు కూడాను. ఆరిన తరవాత పారే నీళ్ళలో జాడించి, చిరివేరు, మంజిష్ఠ వంటి ఎర్రవేళ్ళతో కాస్తారు. పటిక పెట్టినచోటే ఎరుపు నిలుస్తుంది, మిగతా చోట్ల అంటినది ఉతుకుల్లో పోతుంది. మిగిలిన మురికి పోవడానికి పేడనీళ్ళలో ఊరవేసి, ఇసుకలో పరిచి, నీళ్ళు చల్లుతూ ఎండబెడతారు. మళ్ళీ పాలు. ఆ తరవాత కరక్కాయ పువ్వుతో పసుపుపచ్చ, నీలితో నీలం, ఆ రెండూ ఒకదానిమీద ఒకటి పడితే ఆకుపచ్చ. మళ్ళీ ఉతుకు. మబ్బు పట్టిందా, పని ఆగింది. ఏరు ఎండిందా, పని ఆగింది.

పాఠ్యపుస్తకంలో ప్రకృతి వర్ణన చెప్పడం నాకు అలవాటే. ప్రకృతి కటాక్షిస్తే తప్ప కూలి గిట్టని పని ఎలా ఉంటుందో ఈ వీధుల్లోనే చూశాను.

సుస్థిరమా, మన్నికా?

మా కాలేజీలో నా దగ్గర తెలుగు చదివిన ఒక అమ్మాయి డిగ్రీ ముగించి, పట్నంలో దుస్తుల రూపకల్పన నేర్చుకుని తిరిగివచ్చింది. తిరుపతిలో ఒక మేడ మీద రెండు గదులు అద్దెకు తీసుకుని దుకాణం పెట్టుకుంది. దుకాణం అంటే అద్దాల బీరువాలు అనుకోకండి. ఒక కుట్టుమిషను, ఒక బల్ల, నాలుగు డేగిసాలు, డాబామీద పది దండేలు. ఒకరోజు ఇంటికి వచ్చి కూర్చుంది.

"మేడమ్, సస్టెయినబుల్ అన్నదానికి తెలుగులో ఏమనాలి? చీటీమీద వేయించాలి."

"పత్రికలవాళ్ళు సుస్థిరం అంటున్నారు కదమ్మా."

"సుస్థిరం అంటే గవర్నమెంటు పడిపోకుండా ఉన్నట్టుంది మేడమ్. చీర సంగతిలా లేదు."

నవ్వొచ్చింది గాని, ఆ పిల్ల అన్నదాంట్లో పొరపాటు లేదు. కొంచెం ఆలోచించి 'మన్నిక' అన్నాను. మా అమ్మ బట్టలకొట్లో అడిగే మొదటి ప్రశ్న అదే: "మన్నుతుందా?" మన్ను అంటే నిలిచి ఉండటం. మను అంటే జీవించడం. మనుగడ అన్న మాట కూడా ఆ కుదురులోంచి వచ్చిందే. గుడ్డ మన్నడం, మనిషి మనడం మన భాషలో దగ్గరి చుట్టాలు. ఇంగ్లీషు మాట ఎన్ని పేజీల్లో విప్పి చెప్పినా ఈ చుట్టరికం దొరకదు. బట్ట నాలుగేళ్ళు మన్నాలి, దాన్ని చేసిన చెయ్యి కూడా మనాలి. ఒకటి నిలిచి రెండోది కూలిపోతే అది మన్నిక కాదు.

ఆ పిల్ల చీటీమీద ఆ ఒక్కమాటే వేయించింది.

ఆమె చేసే ప్రయోగాలు చూడటానికి నేను అప్పుడప్పుడు ఆ మేడ ఎక్కుతూ ఉంటాను. పళ్ళరసాల దుకాణాలవారు పారవేసే దానిమ్మ తొక్కలు సంచులకొద్దీ తెచ్చి ఎండబెడుతుంది. దానిమ్మ తొక్క మంచి పసుపుపచ్చను ఇస్తుంది, దానిలో వగరు ఉంది గనుక నిలుస్తుంది. కల్యాణ మండపాల్లో తెల్లవారి ఊడ్చివేసే బంతిపూలు తెస్తుంది. ఉల్లిపొట్టు తెస్తుంది. వంటింటి పసుపు మాత్రం వాడదు. "పసుపు ముందు బాగా పట్టుకుంటుంది మేడమ్, నాలుగు ఎండలకు వెళ్ళిపోతుంది," అంటుంది. ఒకసారి కాచిన రంగునీళ్ళను పారబోయక రెండోసారి లేతరంగుకు, మూడోసారి ఇంకా లేతరంగుకు వాడుతుంది. చీరలోంచి చొక్కా కత్తిరిస్తే ముక్కలు మిగులుతాయి కదా, ఆ ముక్కలు మిగలకుండా కత్తిరింపులు ముందే కాగితం మీద లెక్కవేసుకుంటుంది. దీన్ని 'జీరో వేస్టు' అంటారట. ఆరు గజాల చీర కత్తెర పడకుండానే కట్టుకునే మనకు ఇది కొత్త విద్య కాదని నేనంటే, "అందుకే మేడమ్, చీరే అన్నింటికన్నా తెలివైన డిజైను," అంది.

సహజరంగు అనగానే అంతా పుణ్యమేనని మాత్రం ఆ పిల్ల అనదు. కాచడానికి కట్టెలు కావాలి, జాడించడానికి నీళ్ళు బోలెడు కావాలి. ఆ లెక్క కూడా గోడమీద సుద్దతో వ్రాసిపెట్టుకుంది.

అరవై చున్నీల కథ

పోయిన సంక్రాంతికి ముందు ఒక పెద్ద పట్నం దుకాణంవారు ఆమెకు 60 చున్నీలు చెప్పారు. కాళహస్తి వ్రాత, అంచుకు ఎరుపు. అన్నీ ఒకే ఎరుపు ఉండాలి. మొదటి పెద్ద బేరం గనుక ఒప్పుకుంది. కాళహస్తిలో నలుగురు ఆడవారు వ్రాయడానికి కూర్చున్నారు. సగం పని అయ్యేసరికి ఏట్లో నీరు అడుగంటింది. మిగతా సగం బోరునీళ్ళతో జాడించారు. బట్టలు ఆరవేసి చూస్తే ఒక సగం కుంకుమ ఎరుపు, రెండో సగం ఇటుక ఎరుపు!

"ఏం చేసేదిమ్మా, యేట్లో నీళ్ళుంటే గదా!" అందట వారిలో పెద్దావిడ. "బోరునీళ్ళకు ఒక ఎరుపు, యేటినీళ్ళకు ఇంకో ఎరుపు వస్తాది. నీళ్ళను బట్టే రంగు. నువ్వు చదువుకున్నదానివి, ఆ అంగడోళ్ళకు చెప్పు."

చెబితే అంగడివాళ్ళు వినలేదు. 28 చున్నీలు తిరిగివచ్చాయి. ఆ పిల్ల తండ్రి రిటైరైన ఉద్యోగి, కూతురు ఉద్యోగం చేసుకుని నెలజీతం తెచ్చుకుంటే చాలుననుకునే మనిషి. "రూపాయల పొట్లం రంగు కలిపితే అన్నీ ఒకేలా వచ్చేవి కదమ్మా, చూసేదెవరు?" అన్నాడు. ఆయన తప్పుమనిషి కాదు. మనలో చాలామంది ఆ మాటే అంటాం. బజారులో కలంకారీ అని చెప్పి అమ్మే పాలియెస్టరు అచ్చులు ఎన్ని లేవు!

ఆ రాత్రి ఆ పిల్ల నాకు ఫోను చేసింది. గొంతు బాగాలేదు. డబ్బు సంగతి కన్నా ఆ నలుగురికి ఏం చెప్పాలన్నది ఆమె బాధ. నా దగ్గర సలహా ఏమీ లేదు. విన్నాను. మర్నాడు బ్యాంకులో గాజులు పెట్టి, 60 చున్నీలకూ కూలి పూర్తిగా ఇచ్చివచ్చింది. అమ్ముడుపోయినవాటికే ఇస్తానని అనలేదు.

తరవాత ఒక పని చేసింది. తిరిగివచ్చిన చున్నీలకు ఒక్కొక్కదానికి చీటీ కట్టింది. 'బోరునీళ్ళ ఎరుపు' అని ఒక పేరు. కింద ఏ నెలలో కాచారో, ఎన్ని రోజులు పట్టిందో, వ్రాసినవారి పేరు ఏమిటో. తిరుపతిలో, చిత్తూరులో తెలిసినవారి ఇళ్ళకు తీసుకుపోయి, రంగు ఎందుకు మారిందో దాచకుండా చెప్పి అమ్మింది. 28లో 19 పోయాయి. మిగిలిన 9 చిన్నపిల్లల గౌన్లుగానూ, చేతిసంచులుగానూ మారాయి. అసలు పూర్తిగా రాలేదు. గాజులు వెంటనే విడిపించుకోలేదు. ఇది కథ అయితే ఆ పట్నం దుకాణంవారు పశ్చాత్తాపపడి కారు వేసుకుని వచ్చేవారే. ఇది కథ కాదు గనుక రాలేదు. కాని ఆ తరవాత ఆమె ఒప్పుకున్న ప్రతి బేరంలోనూ ఒక షరతు ఉంది: నీటినిబట్టి రంగు మారవచ్చు, రెండు నమూనాలు ముందు పంపుతాము, ఆ రెంటి మధ్య ఏది వచ్చినా తీసుకోవాలి. ఒప్పుకునేవారు తక్కువే. ఒప్పుకున్నవారు మాత్రం మళ్ళీ వస్తున్నారు.

కొంగు మీద సంతకం

ఇంకో సంగతి. ఇన్నాళ్ళూ పట్నంలో అమ్మే కలంకారీ చీరమీద డిజైనరు పేరు పెద్దదిగా ఉండేది. వ్రాసినవారి పేరు ఎక్కడా ఉండేది కాదు. పాత తెరలమీద తెలుగు వ్రాత ఉండేదని చెప్పాను కదా, ఆ వ్రాత చీరకు దిగేసరికి మాయమైపోయింది. మా అమ్మాయి ఇప్పుడు కొంగు మూల, అరచెయ్యి అంత చోటు వదిలి, వ్రాసినవారినే వారి కలంతో పేరు వ్రాయమంటున్నది. ఒకావిడ తన ఊరిపేరు పలికినట్టే వ్రాసింది, పుస్తకంలో ఉన్నట్టు కాదు. "దిద్దించమంటారా మేడమ్?" అని అడిగింది నన్ను. వద్దన్నాను. అక్షరదోషాలకు మార్కులు కొట్టివేసే ఉద్యోగం నాది. అయినా సంతకాన్ని దిద్దే అధికారం ఏ లెక్చరరుకూ లేదు.

దేవుళ్ళ బొమ్మల గురించి కూడా అక్కడ పెద్ద చర్చ. గుడిలో తలపైకెత్తి చూసిన రాముణ్ణి కుచ్చిళ్ళలో కాళ్ళదగ్గర ఎలా పెట్టుకోవడం? మా అత్తయ్య ఈ విషయంలో రాజీపడే మనిషి కాదు. ఈ కొత్త తరంవారు ఒక మార్గం చూస్తున్నారు. దేవుళ్ళు గోడకు, పూజగదికి. చీరకు చెట్లు, చిలుకలు, నెమళ్ళు, తీగలు. కథ కావాలంటే కొంగుమీద, భుజం దగ్గర ఉండేటట్టు. చాదస్తమని కొట్టిపారవేయక ఆ భయాన్నే డిజైనుగా మార్చుకోవడం నాకు నచ్చింది.

మన జిల్లా, మన మగ్గం

ఇదేదో ఒక్క మేడమీది ముచ్చట అనుకోనక్కరలేదు. తెలుగుదేశంలో ఇటువంటి దారి తొక్కినవారు ముందే ఉన్నారు. హైదరాబాదులో ఉజ్రమ్మ గారి ఆలోచనతో పుట్టిన 'మల్ఖా' బట్ట ఉంది. పత్తిని గట్టి బేళ్ళుగా నొక్కి దూరపు మిల్లులకు పంపకుండా, పండినచోటికి దగ్గరలోనే చిన్న యంత్రాలతో వడికి నేయిస్తారు. గౌరాంగ్ షా గారు జాందానీ నేతను పట్టుకుని, చేనేతను పెద్ద వేదికలమీదికి ఎక్కించారు. 2018లో వచ్చిన 'మహానటి'లో సావిత్రి చీరలు చూసి మురిసిపోని ఇల్లాలు ఉందా? ఆ దుస్తులకు ఆయనకూ, ఇంద్రాక్షీ పట్నాయక్, అర్చనా రావు గార్లకూ కలిపి 2019లో ప్రకటించిన జాతీయ బహుమతి వచ్చింది. పొందూరువారు వాలుగ చేప దవడ ఎముకతో పత్తిని దువ్వి సన్ననూలు తీస్తారు, యంత్రం అంత సున్నితంగా దువ్వలేదు.

అంతదూరం ఎందుకు? జాందానీ బుటాలకు పేరుపడ్డ వెంకటగిరి, 2022 ఏప్రిల్ 4న కొత్త జిల్లాలు ఏర్పడినప్పటినుంచి మా తిరుపతి జిల్లాలోనే ఉంది. కాళహస్తి కలం, వెంకటగిరి మగ్గం ఇప్పుడు ఒకే జిల్లా బిడ్డలు. వెంకటగిరి బట్టమీద కాళహస్తి వ్రాత వ్రాయిస్తే ఎలా ఉంటుందో చూడాలని మా అమ్మాయి సరదా. బట్ట పలచన గనుక పాలు ఎంత పట్టాలి, గీత ఎంత పాకుతుంది అన్నది ఇంకా కుదరలేదు. మూడు ముక్కలు పాడయ్యాయి. నాలుగోది దండెం మీద ఉంది.

మన ఇంట్లో పాత పెట్టె

డిజైనర్లు వచ్చి నేర్పకముందు మన ఇళ్ళలో బట్ట బతుకు ఎంత పొడుగో గుర్తుచేసుకోండి. పెళ్ళిలో కట్టిన నూలుచీర, రంగు వెలిశాక ఇంటిచీర. చిరిగితే లంగాకో జాకెట్టు లోపలి గుడ్డకో. ఇంకా మెత్తబడితే పసిపిల్లకు ఉయ్యాల, పొత్తిగుడ్డ. నాలుగు పాతచీరలు కలిపి మా సీమ అవ్వలు కుట్టే బొంత. చివరికి మసిగుడ్డ. ఆ మసిగుడ్డ కూడా పొయ్యిలో బూడిదై గిన్నెలు తోమేది. మన అవ్వలకు ఇది ఉద్యమం కాదు, ఇంటి లెక్క. చవకబట్ట వచ్చి, బీరువా నిండి, ఒక్కసారి కట్టిన చీరను ఫోటోలో కనబడింది గనుక రెండోసారి కట్టకూడదన్న కొత్త ఆచారం మొదలయ్యాక ఆ లెక్క తప్పింది.

మధ్యతరగతి వాళ్ళం. నెలనెలా కలంకారీ చీరలు కొనగలమా? కొనలేం. కొనమని ఎవరూ అనడం లేదు. ఏడాదికి కొనే అయిదింటిలో రెండు మానేసి, ఆ డబ్బుతో ఒక మంచిది కొనుక్కోవచ్చు. కొనేటప్పుడు కొన్ని సంగతులు చూడండి. చేత్తో వ్రాసిన బట్టలో ఏ రెండు చిలుకలూ అచ్చం ఒకేలా ఉండవు. గీత ఒకచోట లావు, ఒకచోట సన్నం. చుక్క తప్పినట్టుగా ఒక మచ్చ ఉంటే అది చేతి గుర్తు. ప్రతి పువ్వూ కొలిచినట్టు ఒకటే అయితే అది అచ్చు. అచ్చు కొనడం నేరం కాదు, అచ్చును వ్రాత అని చెప్పి అమ్మడం నేరం. ఇంటికి తెచ్చాక మొదట విడిగా చన్నీళ్ళలో జాడించండి. కుంకుడు రసంగాని, మెత్తని సబ్బుగాని చాలు. నీడలో ఆరవేయండి. ఘాటైన సబ్బుపొడిలో నానబెట్టి బండమీద బాదితే పటికా కరక్కాయా మాత్రం ఏం చేస్తాయి?

అన్నిటికన్నా ముందు కొట్లో ఒక ప్రశ్న అడగండి. "ఇది ఎంత?" అని అడగడం మనకు వచ్చు. "మన్నుతుందా?" అని అడగడమూ వచ్చు. ఆ రెంటి మధ్య మూడోది కూడా చేర్చండి: "ఇది వ్రాసినవారెవరు?"

సమాధానం రాకపోవచ్చు. కొట్టువాడు మిమ్మల్ని వింతగా చూడవచ్చు కూడాను. పదిమంది అడిగితే పదకొండోసారికి కనుక్కుని ఉంచుకుంటాడు. వ్యాపారి గదా!